దిగింది అన్న మాట

మా వీధిలోని స్రవంతికి బసంత్‌నగర్ ఎయిర్‌స్ట్రిప్‌లో పని దొరికింది. తెలంగాణ వచ్చాక విమానాశ్రయం మాట మళ్లీ లేచింది. నేల కొలిచేవాళ్లు వచ్చారు. వాళ్లతో తిరగడానికి ఇక్కడి మనిషి, చదువుకున్న మనిషి ఒకరు కావాలన్నారట. ఆ పిల్ల మొన్న మా ఇంటికి వచ్చి గుమ్మంలోనే అడిగింది.

"అక్కా, నువ్వు గక్కడ్నే చేసినవ్ గద. విమానమే రాని జాగల ఏం పనుంటది?"

"రానప్పుడే పని," అన్నాను. "వచ్చిన రోజు తక్కువ."

తను నవ్వింది. నేను నవ్వులాటకు అనలేదు. లోపల పాప ఏడవడంతో మాట అక్కడే తెగిపోయింది. అందుకే రాసి ఇస్తున్నాను. ఆ ఉద్యోగం మానేసి నాకు ఏడాది దాటింది. "నువ్వు రిటైరయినవ్, పింఛను ఒక్కటే లేదు," అని మా ఆయన వెక్కిరిస్తాడు. పాప పడుకున్నాక దొరికే సమయంలో రాస్తున్నాను కాబట్టి వరుస తప్పితే సర్దుకోవాలి. మధ్యమధ్య లేచి వెళ్లి పాప ఊపిరి వింటూ ఉంటాను. వినడం ఆ ఉద్యోగంలో పట్టుకున్న అలవాటు. ఉద్యోగం పోయింది కానీ అలవాటు పోలేదు.

రన్‌వేను రన్‌వేగా ఉంచడం

ఆ స్ట్రిప్ సిమెంటు ఫ్యాక్టరీ వాళ్లు ఎప్పుడో తమ యజమానుల రాకపోకల కోసం వేయించుకున్నది. నేను చేరేనాటికి ఒక కొసన రేకుల కప్పుతో వాచ్ రూమ్ ఉండేది. అందులో ఒక వైర్‌లెస్ సెట్టు, సున్నపురాయి క్వారీకి కలిపే ఫోను. బయట గాలి ఎటు వీస్తుందో చూపే గుడ్డ సంచి కట్టిన స్తంభం. రెండో కొసన గేటు, గేటు దగ్గర వాకీటాకీ పట్టుకున్న ఒక వాచ్‌మన్. అంతే. బీఎస్సీ చదివి జ్యోతినగర్‌లో ఇంజనీర్ల పిల్లలకు ట్యూషన్లు చెప్పుకుంటున్న నన్ను అసిస్టెంటుగా తీసుకున్నారు. సెట్టులో ఆడగొంతు తేటగా వినిపిస్తుందని మా బాస్ నమ్మకం.

విమానం వచ్చే రోజు పైలట్‌కు మూడు సంగతులు చెప్పాలి. గాలి ఎటు నుంచి, చూపు ఎంత దూరం ఆనుతోంది, రన్‌వే మీద గొడ్లు ఉన్నాయా. చూపు కొలిచే యంత్రం మాకు లేదు. రామగిరి గుట్టలు కనబడితే మంచి రోజు. పవర్ ప్లాంట్ పొగగొట్టాల దాకా కనబడితే మామూలు రోజు. గేటు కూడా కనబడకపోతే రావద్దని చెప్పాలి. ఇక్కడి గాలిలో బొగ్గు, బూడిద, సున్నపురాయి ధూళి మూడూ ఉంటాయి. చలికాలం సాయంత్రాలు అవి నేలకు దిగి కదలకుండా పడుకుంటాయి. పొగమంచు పొద్దెక్కితే పోతుంది. ఇది అలా పోదు.

విమానం రాని రోజులే ఎక్కువ. అప్పుడు చేసే పని, జనానికి అది రన్‌వే అని గుర్తు చెయ్యడం. మొక్కజొన్న ఆరబోసేవాళ్లు, మిరపకాయలు పరిచేవాళ్లు, స్కూటర్ నేర్చుకునేవాళ్లు అందరికీ అదే కావాలి. ఒక ముసలామె మక్కలు పరుస్తూ, "మా ఇంట్ల గచ్చు గూడ ఇంత సాపుగ లేదు బిడ్డా," అంది. బర్రెలు కాసే ఒకాయన ఇంకా నయం.

"మీ ఇమానం ఎప్పుడొస్తదమ్మా?"

"ఎప్పుడన్న రావచ్చు కాకా. తోలుకపో."

"వచ్చినంక జెప్పు, తోలుకపోత."

స్రవంతీ, వాళ్లతో కొట్లాడకు. టీ తాగించు. విమానం వచ్చే రోజు వాళ్లే నీకు గొడ్లను ఆపుతారు.

దయ్యం చెయ్యి

గాలి సంచిని చుట్టుపక్కల పిల్లలు దయ్యం చెయ్యి అనేవాళ్లు. నారింజ, తెలుపు పట్టీలతో చొక్కా చేతిలా ఉంటుంది కాబట్టి ఆ పేరు వచ్చిందనుకున్నాను. మొదటి ఎండాకాలంలో అసలు సంగతి తెలిసింది. ఆకు కదలని మధ్యాహ్నం, కుక్క కూడా నీడ వదలని వేళ, ఆ చెయ్యి ఉన్నట్టుండి నిండేది. ఎవరో లోపల నుంచి తొడుక్కుంటున్నట్టు భుజం దగ్గర మొదలై వేళ్ల దాకా నిండి, కాసేపు ఒకవైపు చాచి, మెల్లగా ఖాళీ అయ్యేది.

నేల వేడెక్కితే గాలి సుడి తిరిగి లేస్తుందని మా బాస్ బొమ్మ గీసి చెప్పారు. ఆయన చెప్పింది నిజమే, నువ్వూ అలాగే నమ్ము. సుడిగాలి ఎటైనా తిరగాలి కదా, అది ఎప్పుడూ గేటు వైపే ఎందుకు చాచేదో నేను ఆయన్ను అడగలేదు.

ప్రసాదరావు గారు

మా బాస్ తెనాలి వైపు మనిషి. పూర్వం వైమానిక దళంలో వైర్‌లెస్ పని చేశారు. ఈ ప్రాంతం ఆకాశం చరిత్ర నాకు తెలిసినంతా ఆయన చెప్పిందే.

"అమ్మాయ్, ఇక్కణ్ణుంచి హైదరాబాదుకి జనం టిక్కెట్టు కొనుక్కుని ఎక్కేవారంటే నమ్ముతావా?" అనేవారు. కొన్నాళ్లు అలా నడిచిందట. చిన్న విమానం, బరువు మించకూడదు. అందుకని పెట్టెలతో పాటు మనుషుల్నీ సిమెంటు బస్తాల కాటా మీద తూచేవారట. ఒక ఇంజనీరు గారి భార్య నలుగురిలో కాటా ఎక్కనంటే ఎక్కనంది. "మా ఆయన్నే రెండుసార్లు తూచుకోండి," అందట. పలచటి మనిషి ఆయన. ప్రసాదరావు గారు ఆ రోజు విమానం లేస్తుందో లేదోనని గోళ్లు కొరుక్కున్నారట.

తర్వాత సీట్లు ఖాళీగా పోవడం మొదలై ఆ సర్వీసు ఆగిపోయింది. నా కాలానికి మిగిలింది యజమానుల విమానం, ఎప్పుడో ఒక మంత్రి, ఎన్నికలప్పుడు హెలికాప్టర్లు. ప్రతి ఎన్నికకూ ముందు విమానాశ్రయం వస్తుందనేవారు. ఫలితాలు రాగానే హెలికాప్టర్ కూడా రావడం మానేది.

ఆయన మంచి బాస్. కింది మనిషి మీదికి తప్పు తోసేవారు కాదు. ఒక్కటే లోపం. ఇన్నేళ్లు ఇక్కడ ఉండి కూడా ఇక్కడి భాషను వినలేదు. దిద్దేవారు. "వచ్చినయ్ కాదమ్మా, వచ్చాయి," అనేవారు. తన చెవికి తెలిసిన మాట వినబడితే, దాని అర్థం కూడా తనకు తెలిసిందే అనుకునేవారు.

హెలికాప్టర్లు

గోదావరిఖనిలో సభలప్పుడు హెలిప్యాడ్ పని కూడా మాకే వచ్చేది. గ్రౌండులో సున్నంతో పెద్ద హెచ్ అక్షరం రాయించాలి. ఎటు నుంచి చూసినా హెచ్ హెచ్చే కాబట్టి అందులో మాత్రం మావాళ్లు ఎన్నడూ తప్పు చెయ్యలేదు. నేల తడపడం మరిచారు. ఒకసారి స్వాగతం పలకడానికి వచ్చిన పెద్దమనుషులందరూ ఎర్రటి దుమ్ములో మాయమైపోయి, దుమ్ము తగ్గాక ఒకరి మెడలో వెయ్యాల్సిన దండలు ఇంకొకరి మెడలో వేసి కనిపించారు. నేల తడపమని చెప్పకు. నిలబడి తడిపించు.

సమ్మె రోజులు కూడా గుర్తు పెట్టుకో. రాష్ట్రం కోసం అందరూ పని ఆపినప్పుడు ఈ బొగ్గు బెల్టంతా మూగబోయింది. పుట్టినప్పటి నుంచి వింటున్న శబ్దం ఏదో ఆగిపోయింది, ఆగేదాకా అది శబ్దమని తెలియదు. పొగ పలచబడి రామగిరి గుట్టల మీది చెట్లు విడివిడిగా కనిపించాయి. నా ఉద్యోగం మొత్తంలో అంత శుభ్రమైన ఆకాశం చూడలేదు. అందులో ఒక్క విమానమూ రాలేదు.

పైన, కింద

ఖాళీ మధ్యాహ్నాల్లో సెట్టు తెరిచి పెడితే, ఎక్కడికో ఎత్తున పోతున్న పెద్ద విమానాల మాటలు ముక్కలుగా దొరికేవి. ఒకరినొకరు పలకరించుకుంటారు, వాతావరణం చెప్పుకుంటారు. కింద నేనున్నట్టు వాళ్లకు తెలియదు. బదులు చెప్పకూడదు, చెప్పినా అందదు. మొదట్లో సరదాగా ఉండేది. తర్వాత తర్వాత, నేనే లేని మనిషిని అన్నట్టు అనిపించి సెట్టు తగ్గించేదాన్ని.

కింది సంగతి ఓదెలు కాక చెప్పేవాడు. గేటు దగ్గరి వాచ్‌మన్ ఆయనే. జీవితమంతా బొగ్గు గనిలో చేసి రిటైరయ్యాక ఈ కాపలా పనికి వచ్చాడు. చల్లటి సాయంత్రాల్లో రన్‌వే మీద చెవి ఆనించి పడుకునేవాడు.

"ఏం చేస్తున్నవ్ కాకా?"

"కింద నడుస్తున్నరు బిడ్డా."

"మన కింద గని లేదే. మ్యాపుల చూసిన నేను."

"మ్యాపుల మనుషులుండరు గద," అనేవాడు, లేచి చెవి తుడుచుకుంటూ. ఒకసారి నేనూ చెవి పెట్టి చూశాను. ఎండకు కాగిన తారు వెచ్చగా ఉంది. ఇంకేమీ వినబడలేదని ఆయనకు చెప్పాను. స్రవంతీ, నువ్వు చెవి పెట్టకు.

తిరుపతి కోసం వచ్చిన విమానం

ఈ ఉద్యోగం నాకు నేర్పిందంతా ఒక్క చలికాలపు సాయంత్రంలో ఉంది.

తిరుపతి గోదావరిఖని కుర్రాడు. తండ్రి గనిలో చనిపోతే ఆ ఉద్యోగం కొడుక్కు వచ్చింది. ఆ రోజు డ్యూటీ అయ్యాక స్కూటర్ మీద ఇంటికి వస్తుంటే లారీ తగిలి తల పగిలింది. రోడ్డు మీద హైదరాబాద్ దాకా ఆ కుదుపులకు మనిషి ఆగడని దవాఖానలో అన్నారు. యూనియన్ పెద్దమనుషులు ఎవరెవరితోనో మాట్లాడి, డాక్టరుతో సహా చిన్న విమానం పిలిపించారు. మా రన్‌వే మీద దీపాలు లేవు. పొద్దు ఉండగానే దిగాలి, పొద్దు ఉండగానే లేవాలి. లేకపోతే తిరుపతి లేడు.

అంబులెన్సు గేటు దగ్గర ఆగింది. విమానం అక్కడికే వచ్చి నిలబడుతుంది. లోపల తిరుపతి, సెలైను సీసా పట్టుకుని ఒక నర్సు. బయట తలుపు దగ్గర తల్లి లచ్చవ్వ. నేను రన్‌వే చూసుకుంటూ అక్కడిదాకా వెళ్లినప్పుడు నా చెయ్యి పట్టుకుంది.

"విమానం ఎక్కినంక బతుకుతడా బిడ్డా?"

"అండ్లనే డాక్టరుంటడు అవ్వా. ఫికర్ చెయ్యకు."

"నన్ను గూడ ఎక్కిచ్చుకుంటరా?"

"ఒక్కరికి జాగ ఉన్నదట. నువ్వే ఎక్కు."

ఆమె తన కాళ్ల వైపు చూసుకుని అడిగింది. "చెప్పులు ఇడువాల్నా?"

వాచ్ రూముకు తిరిగి నడుస్తుండగానే ధూళి కిందికి దిగడం మొదలైంది. గదిలోకి వచ్చి వెనక్కి చూస్తే గేటు లేదు. అంబులెన్సు లేదు. రన్‌వే సగంలోనే తెల్లగా ఆగిపోయింది. నియమం ప్రకారం రావద్దని చెప్పాలి. ప్రసాదరావు గారు తల పట్టుకుని కూర్చున్నారు.

"రమ్మందాం అమ్మాయ్. కనబడకపోతే వాడే వెనక్కి పోతాడు. రావద్దంటే ఆ కుర్రాడు మన నోటితో పోయినట్టే."

విమానం దిగే దారి సరిగ్గా క్వారీ మీదుగా ఉంటుంది. సాయంత్రం క్వారీలో రాయి పేల్చే వేళ. విమానం తక్కువ ఎత్తులో వస్తుండగా కింద రాయి పేలితే ఏమవుతుందో చెప్పనక్కర్లేదు. మేం కబురు చేసేదాకా పేల్చవద్దని క్వారీకి ఫోను చేసి ఆపించారు.

ఇంజను చప్పుడు వచ్చింది. రెక్కల మీద వస్తున్నదాన్ని కళ్లతో వెతకడం మనకు అలవాటు. ఏమీ లేని తెలుపులో ఆ చప్పుడు మా కప్పు మీదుగా పోయింది, క్వారీ వైపు తిరిగింది, మళ్లీ వచ్చింది. ఒకసారి నా వెనకే ఉన్నట్టు వినబడి తిరిగి చూశాను. గోడ ఉంది. తర్వాత ఆ చప్పుడు ఆగిపోయింది.

ప్రసాదరావు గారు వాకీటాకీ నొక్కారు. "ఓదెలూ, దిగిందా?"

కొంతసేపు గరగర మాత్రమే వచ్చింది. తర్వాత ఓదెలు కాక గొంతు, చాలా నెమ్మదిగా, పక్కన ఎవరో పడుకుని ఉంటే మాట్లాడినట్టు.

"దిగింది సార్."

ప్రసాదరావు గారు కళ్లు మూసుకుని దండం పెట్టారు. వెంటనే క్వారీకి ఫోను చేశారు. "దిగిందండీ. ఇక కానివ్వండి."

క్వారీ సైరన్ మొదలైంది. పేల్చే ముందు అది మూడుసార్లు మోగుతుంది. మొదటిది పూర్తవుతుండగా మా సెట్టులో పైలట్ మాట్లాడాడు. గాలి ఎటు ఉందో మళ్లీ చెప్పమన్నాడు. రన్‌వే ఇంకా కనబడలేదని, క్వారీ వైపు నుంచి మరొకసారి దిగి చూస్తానని అన్నాడు.

ప్రసాదరావు గారు ఫోను అందుకుని క్వారీ నంబరు తిప్పారు. అవతల మోగుతోంది. సైరన్ పడితే అక్కడ ఫోను ఉన్న గదిలో ఎవరూ ఉండరు, అందరూ దూరంగా పోయి దాక్కుంటారు. ఖాళీ గదిలో ఫోను మోగడం, రెండో సైరన్, ఆ వెనక ఇంజను, మూడూ ఒకేసారి వినబడ్డాయి. ఆయన ఫోను వదల్లేదు. నేను సెట్టు అందుకుని, దిగవద్దని, పైకి లేపి తిప్పుకుపొమ్మని పైలట్‌కు చెప్పాల్సిన మాట చెప్పాను. బదులు రాలేదు. మళ్లీ చెప్పాను. మూడో సైరన్ అయిపోయింది.

నేల కదిలింది. రేకుల మీద నుంచి దుమ్ము రాలింది. తర్వాత ఎంతసేపో ఏ చప్పుడూ లేదు. ప్రసాదరావు గారు ఫోను చెవికి ఆనించుకునే ఉన్నారు, అవతల ఇంకా మోగుతూనే ఉంది.

"ఎవరమ్మా మీ దగ్గర రాళ్లు కొడుతున్నది," అన్నాడు పైలట్ సెట్టులో, ఈసారి తెలుగులో.

క్వారీ మీద లేచిన కొత్త గాలి తెలుపును కొంచెం పక్కకు జరిపింది. సూర్యుడు ఎర్రగా, గుండ్రంగా, కళ్లతో చూడగలిగేలా ఉన్నాడు. ఆ వెలుతురులో పైలట్‌కు ఒక్కసారి దిగే అవకాశం ఉంది, ఆ ఒక్కసారే దిగాడు. ఈసారి దిగిందా అని మేం ఎవరినీ అడగలేదు. నేను రన్‌వే వెంట పరుగెత్తి, ఇంజను ఆగడం చెవులతో విని, డాక్టరు మెట్టు దిగడం కళ్లతో చూశాను. తిరుపతిని ఎక్కించారు. లచ్చవ్వ చెప్పులు చేత్తో పట్టుకుని ఎక్కింది. చీకటి పడుతుండగా విమానం లేచింది.

విచారణ

ఫ్యాక్టరీ వాళ్లు విచారణ పెట్టారు. రాని విమానాన్ని దిగిందని ఎందుకు చెప్పావని ఓదెలు కాకను అడిగారు. తాగి ఉన్నాడా అన్నారు. ఆయన తల వంచుకుని నిలబడ్డాడే తప్ప నోరు విప్పలేదు. తీసేసే పరిస్థితి వచ్చింది.

అప్పుడు నేను ఒక మాట చెప్పాను. మా నాన్న కూడా గని మనిషే. మా ఇంట్లో దిగిండు అంటే నాన్న గనిలోకి పోయాడని అర్థం. ఆ మాటతో అమ్మకు భయం మొదలవుతుంది. ఎక్కిండు అంటే పైకి వచ్చాడని, భయం తీరిందని. విమానానికి ఇది తలకిందులు. ఎక్కితే భయం, దిగితే నిశ్చింత. ఓదెలు కాక గని భాషలో అన్నాడు, విమానం ధూళిలోకి దిగిపోయింది, కనబడడం లేదు అని. సార్ తన భాషలో విన్నారు.

అందరికీ అది నచ్చింది. ప్రసాదరావు గారు లేచి, "తప్పు నాది. ఇన్నేళ్లు ఇక్కడి మాట వినకపోవడం నాది," అన్నారు. ఓదెలు కాక ఉద్యోగం నిలబడింది. ఆ రోజు నుంచి మా స్ట్రిప్‌లో దిగింది అన్న మాట నిషేధం. నేల మీద ఆగింది, ఇంజను బందయింది, మనుషులు బయటికి వచ్చారు అని మూడూ చూసి మూడూ చెప్పాలి. ఇప్పుడు నీకు కూడా ఇదే నియమం, స్రవంతీ.

బయటికి వచ్చాక ఓదెలు కాకకు టీ తెచ్చి ఇచ్చాను. గ్లాసు అందుకుని అన్నాడు.

"మంచి మాట చెప్పినవ్ బిడ్డా. నా నౌకరి కాపాడినవ్."

"ఉన్నదే చెప్పిన కాకా."

"నేను గని మాట అనలే," అన్నాడు. "దిగింది. నా ముందట్నే చక్రాలు ఆనినయి. సప్పుడే లేదు. అంబులెన్సు దగ్గరికి పోయి ఆగింది. నేను సార్‌కు జెప్పి మల్ల తిరిగి జూసేవరకు లేదు."

ధూళిలో ఏమైనా కనబడుతుందని నేనన్నాను. ఆయన కాదనలేదు. అంబులెన్సు డ్రైవరును అడిగాను, తను రన్‌వే మీది బర్రెలను తోలడానికి పోయానన్నాడు. నర్సు లోపల ఉంది, ఆ బండి అద్దాలకు తెల్ల రంగు వేసి ఉంటుంది. నేను అంతటితో వదిలేశాను. విచారణలో నేను చెప్పిందే అందరూ చెప్పుకుంటారు, చాలాకాలం నేనూ అదే చెప్పాను. ప్రసాదరావు గారు తెనాలి వెళ్లిపోయేటప్పుడు కూడా ఆ మాటే చెప్పుకుని నవ్వుకున్నాం.

లచ్చవ్వ

తిరుపతి బతికాడు. తల మీద ఒకవైపు జుట్టు రాదు, మాట కొంచెం ఆగి వస్తుంది. తేలిక పని ఇచ్చారు, డ్యూటీకి పోతున్నాడు. పెళ్లి కూడా అయింది.

పాప పుట్టిన నెలకు లచ్చవ్వ మమ్మల్ని చూడడానికి వచ్చింది. పాపకు చిన్న గౌను, నాకు నువ్వుల లడ్డూలు తెచ్చింది. పాపను ఒళ్లో వేసుకుని కాళ్లు ఒత్తుతూ, ఏదో గుర్తొచ్చినట్టు అంది.

"మొదటి దాంట్ల నువ్వు ఎక్కియ్యకపోతివి బిడ్డా. మంచిగైంది."

"మొదటిదేందవ్వా? వచ్చింది ఒక్కటే గద."

"నువ్వు లేవు అప్పుడు. ఆ రూముల ఉన్నవ్." ఆమె పాప కాళ్లు ఒత్తడం ఆపలేదు. "తెల్లగ వచ్చి మా ముందటనే ఆగె. తలుపు దీసిరి. డాక్టరున్నడేమో అని తొంగి జూసిన. డాక్టరు లేడు. అందరు తలలకు లైట్లు పెట్టుకొని కూసున్నరు, షిఫ్టుకు పోయేటోళ్ల లెక్క. నన్ను జూసి ఒకాయన జరిగి జాగ ఇచ్చిండు."

"ఎవరాయన?"

"మొకం జూడలే నేను. చూడబుద్ధి కాలే."

వంటింట్లో పాలు పొంగుతున్న వాసన వస్తోంది. నేను లేవలేదు.

"మరి నువ్వేమన్నవ్ అవ్వా?"

"ఏమంట? మా పోరడు ఇయ్యాల నాగా, డ్యూటీకి రాడు అన్న. ఆయన వాపస్ జరిగిండు. తలుపు ఏసుకుంట ఇంకొకాయన అడిగిండు, ఎన్ని దినాలు నాగా అని."

"ఎన్ని దినాలని చెప్పినవ్?"

లచ్చవ్వ పాపను భుజాన వేసుకుని వీపు నిమిరింది.

"చెప్పలే బిడ్డా. చెప్తే లెక్క పెట్టుకుంటరు."